అరచేతిలో నలుసు

మా అమ్మ పోయిన పదమూడో రోజున బడికి వెళ్ళాను. స్టాఫ్ రూంలో అందరూ ఒక మాటనే రెండు మూడు రకాలుగా అన్నారు. హెడ్మాస్టర్ సన్యాసిరాజు గారు మాత్రం ఆ మాట అనలేదు. తన గదిలోకి పిలిచి, పదో తరగతి నామినల్ రోల్స్ నా ముందు పెట్టారు. పబ్లిక్ పరీక్షకు కూర్చునే పిల్లల పేర్లు అందులో ఉంటాయి. పేరు లేని పిల్లకు ఆ ఏడు పరీక్ష లేదు.

“శనివారం ఆఖరు, రోజారమణి గారూ. మీ సెక్షన్‌లో ఒక్క పేరు ఆగిపోయింది.”

ఆ పేరు నర్గీస్‌ది. ఆగస్టు నెలాఖరు నుంచి ఆ అమ్మాయి బడికి రావడం లేదు.

“పిలిపించి ఎక్కిద్దాం సార్. హాజరు తక్కువైతే మినహాయింపు రాయవచ్చు కదా.”

“నేను రాస్తాను. వాళ్ళ నాన్న పంపడు. పంపినా మన పేరెంట్స్ కమిటీ ఊరుకోదు. ఆ వీడియో మాట ఎవరూ మర్చిపోలేదు. అదంతా అబద్ధం, అసలు జరిగింది ఇదీ అని తెలిసినవాళ్ళు ఎవరైనా గట్టిగా చెప్పాలి. నేనేం చెప్పను? ఆ రోజు నేను బళ్ళో కూడా లేను.”

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ ఉండిపోయారు. ఆ తెలిసిన మనిషి ఎదురుగా కూర్చుని ఉందని ఆయనకు తెలియదు. నాకు తెలిసినంతలో ఆ సంగతి మొదలంటా తెలిసినవాళ్ళు, నర్గీస్ ఇంటివాళ్ళు కాక, ఇద్దరే. నేను, మా అమ్మ. మా అమ్మ ఇప్పుడు లేదు.

మేము ఉండేది పాత ఊళ్ళో, పోర్టు గోడకు దగ్గరగా. బొగ్గు యార్డు వైపు నుంచి గాలి తిరిగిన రోజు ఆరేసిన బట్టలు బేగి లోపలికి తెచ్చుకోవాలి. తుడిచిన గచ్చు మీద గంటలోపే నల్లటి పాదాల గుర్తులు పడతాయి. అలాంటి చోట కంట్లో నలుసు పడడం వింత కాదు. మా అమ్మ చిట్టెమ్మ ఆ నలుసులు తీసేది. నాలుకతో తీసేది.

ముందు ఉప్పునీళ్ళు పుక్కిలించేది. మనిషిని వెలుతురు వైపు తిప్పి కూర్చోబెట్టి, బొటనవేళ్ళతో రెప్పలు విప్పి, నాలుక కొసతో ఒక్కసారి తుడిచేది. రెండోసారి ఉండేది కాదు. తీసిన నలుసును తన అరచేతిలో పెట్టి ఆ మనిషికి చూపించేది. “సూసుకో. నీదే,” అనేది. చూపించకపోతే తీసినట్టు కాదని ఆమె లెక్క. తీయించుకున్నవాళ్ళు దండం పెట్టకూడదు, వెనక్కి తిరిగి చూడకుండా వెళ్ళిపోవాలి. ఎందుకని అడిగితే, “మాయమ్మ అలగే సెప్పినాది,” అనేది.

ఈ పని కోసం ఆమె నడివయసులోనే అడ్డచుట్ట మానేసింది. పొగాకు నాలుక కంటికి తగిలితే మండుతుందట. పుసి కట్టిన ఎర్రకన్ను ముట్టుకునేది కాదు. వెల్డింగ్ పని చేసే కుర్రాళ్ళు వస్తే చూసి, “అతుక్కున్న ఇనుము నాలిక్కి రాదు నాయనా, పెద్దాసుపత్రికెల్లు,” అని పంపేసేది.

నేను జీవశాస్త్రం చెబుతాను. నాకు ఆ పని ఇష్టం ఉండేది కాదు. నోట్లో సూక్ష్మజీవులుంటాయని, శుభ్రమైన నీళ్ళతో కడగడమే మంచిదని ఎన్నోసార్లు చెప్పాను. “నీ సదువు నీది, నా నాలిక నాది,” అనేది. అరుగు మీద ఎవరైనా ఆమె ముందు కూర్చుని ఉంటే నేను తల వంచుకుని లోపలికి వెళ్ళిపోయేదాన్ని.

నర్గీస్ ఏడో తరగతి నుంచి సాయంత్రాలు మా ఇంటికి చదువుకోవడానికి వచ్చేది. వాళ్ళ నాన్న హుస్సేన్ బాషా కురుపాం మార్కెట్ వెనక పరుపులు కుడతాడు. దూది ఏకినంతసేపు పోగులు కళ్ళలో పడతాయి. సాయంత్రానికి రుద్ది రుద్ది కళ్ళు వాచిపోతాయి. ఒకరోజు ఆ పిల్ల లెక్కల పుస్తకం మూసి, “మామ్మా, నాకు నేర్పవా? మా అబ్బాకి తీస్తాను,” అని అడిగింది.

అమ్మ నాలుగు నెలలు నేర్పింది. తడి తమలపాకు మీద ఒక చోడి గింజ, రాగి గింజే, పెట్టి, ఆకు కదలకుండా నాలుక కొసతో తీయమనేది. ఆకు కదిలితే, “కన్ను పోగొట్టినావు, మల్లీ,” అనేది. ఆ పిల్ల నవ్వలేక, నాలుక బయట పెట్టి గింజలకేసి చూస్తూ కూర్చునేది. మానమని నేను చెప్పి ఉండవలసింది. ఇద్దరూ సంతోషంగా ఉన్నారని ఊరుకున్నాను.

ఆగస్టులో ఊరంతా కళ్ళకలక వచ్చింది. క్లాసులో సగం మంది నల్లద్దాలు పెట్టుకుని కూర్చున్నారు. కళ్ళలోకి చూస్తే అంటుకుంటుందని జనం నమ్మకం. తుండుగుడ్డల వల్ల, చేతుల వల్ల అంటుతుందని నేను ఎంత చెప్పినా, పిల్లలు నన్ను కూడా చూడకుండా బల్లకేసి చూస్తూ పాఠం వినేవారు.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం గాలి తిరిగింది. వాలీబాల్ ఆడుతున్న సింహాద్రి అనే పిల్లవాడి కంట్లో బొగ్గు రవ్వ పడింది. వాడు నేల మీద కూర్చుని రెండు చేతులతో కన్ను నలుపుకుంటున్నాడు. నర్గీస్ వెళ్ళి, సీసాలో నీళ్ళు పుక్కిలించి, వాడి చేతులు తీసి, మా అమ్మ తీసినట్టే తీసింది. అరచేతిలో పెట్టి చూపించింది. ప్రహరీ బయటి నుంచి ఎవరో ఫోన్‌లో తీశారు. ఆ వీడియోలో అరచెయ్యి లేదు. అంతకు ముందే ఆగిపోతుంది.

మర్నాడు ఆ వీడియో పట్టుకుని సాయిశంకర్ వచ్చాడు. నా పాత విద్యార్థే. ఇప్పుడు ఒక యూట్యూబ్ ఛానెల్ నడుపుతాడు. గేటు దగ్గర మైకు పట్టుకుని నిలబడ్డాడు. నా వెనక యాజమాన్యం మనిషి, కొందరు తల్లులు ఉన్నారు.

“టీచర్, ఇలా కన్ను నాకడం వల్ల ప్రమాదమా, కాదా? సైన్స్ ప్రకారం చెప్పండి.”

“కన్ను చాలా సున్నితమైనది. నోట్లో సూక్ష్మజీవులుంటాయి. ప్రమాదమే,” అన్నాను.

అది నిజమే. ఈ రోజుకూ నిజమే.

“మీ పిల్లలు ఇది ఎక్కడ నేర్చుకున్నారు టీచర్?”

నేను ఆ తల్లుల వైపు చూశాను. యాజమాన్యం మనిషి వైపు చూశాను.

“నాకు తెలియదు,” అన్నాను.

సాయంత్రానికి వాడి ఛానెల్‌లో వీడియో వచ్చింది. ఒకరి కళ్ళు ఒకరు నాకే పిచ్చి విదేశాల నుంచి విశాఖకు దిగిందట. ఆడా మగా పిల్లలు ప్రేమకు గుర్తుగా ఇలా చేస్తున్నారట. దాని వల్లే కళ్ళకలక వ్యాపిస్తోందట, మా బళ్ళో పదకొండు మంది చూపు ప్రమాదంలో ఉందట. గేటు సందులోంచి తీసిన నల్లద్దాల పిల్లల్ని సాక్ష్యంగా చూపించారు. చివర నా ముఖం. ‘నాకు తెలియదు’ అన్న మాటను మూడుసార్లు తిప్పి వేశారు, వెనక ఉరుములాంటి చప్పుడు పెట్టి.

రెండు రోజుల్లో ఇంకో నాలుగు ఛానెళ్ళు ఎత్తుకున్నాయి. పదకొండు ముప్ఫై అయింది. ఒక చోట వందలు అయింది. ఒక కంటి డాక్టరు గారు కెమెరా ముందు కూర్చుని, ఇది ఏటా వానాకాలం వచ్చే జబ్బే, నాకడానికీ దీనికీ సంబంధం లేదని ఓపిగ్గా చెప్పారు. ఆయన్ని చూసినవాళ్ళు లేరు.

నర్గీస్ ముఖం మసక చేశారు గానీ, తలకు చుట్టుకున్న ఆకుపచ్చ స్కార్ఫు చేయలేదు. పాత ఊళ్ళో ఆ స్కార్ఫు ఎవరిదో అందరికీ తెలుసు. మూడో రోజు నుంచి ఆ పిల్ల రాలేదు.

అప్పటికి మా అమ్మకు రెండు కళ్ళలోనూ పొర కమ్మింది; నలుసును నాలుకే వెతుక్కునేది. ఫోన్ వాడదు. జనం నోట విని నన్ను అడిగింది.

“ఒలే రోజా, ఏటది, ఫోన్ల ఏటో వొస్తన్నాదంట? నీ ఫోన్ల ఎట్టు, వింతాను.”

“నెట్ రావడం లేదమ్మా,” అన్నాను.

“గుంటకి బడి మానిపించేసినారంట కదా. నాను వొచ్చి సెప్తాను మీ పెద్దమాస్టారికి. దాని తప్పేటి నేదు, నాను నేర్పినాను అని.”

“వద్దమ్మా.”

“ఏం, సిగ్గా?”

“సిగ్గు కాదు. నువ్వు చెబితే ఇంకా పెద్దది చేస్తారు.”

అదీ నిజమే. నేను చెప్పిన అబద్ధాలు తక్కువ. రెండే.

ఆమె ఇంకో రెండుసార్లు అడిగింది. రెండుసార్లూ వద్దన్నాను. ఒక ఉదయం పక్కవీధి ధనలక్ష్మి కొడుకును చెయ్యి పట్టుకుని ఈడ్చుకుంటూ మా అరుగు ముందుకు వచ్చింది. పిల్లవాడి కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

“సూడు ముసిల్దానా, నీ నోటి యవ్వారం వల్ల మా గుంటడికి ఎలగయిందో!”

“నీ కొడుకు కన్ను నాను ముట్టలేదే,” అంది అమ్మ.

“ముట్టకపోతే ఏటి? సూసినావు కదా!”

అమ్మ నవ్వబోయి ఆగింది. “నా కల్లకి నువ్వే ఆనవే, నీ కొడుకునెక్కడ సూసినాను?” అంది. ధనలక్ష్మి కాండ్రించి ఉమ్మి వెళ్ళిపోయింది.

తర్వాత ఎవరూ రాలేదు. ఒకసారి ఒక పోర్టు కలాసీ కన్ను మూసుకుని వీధి మొదటి దాకా వచ్చి, అటూ ఇటూ చూసి, వెనక్కి తిరిగి పోవడం నేను చూశాను. అమ్మ మాత్రం రోజూ సాయంత్రం ఇత్తడి చెంబు తోమి, ఉప్పునీళ్ళు పోసి అరుగు మీద పెట్టుకుని కూర్చునేది. దీపాలు పెట్టాక ఆ నీళ్ళు కాలవలో పారబోసేది.

అక్టోబరులో వాయుగుండం పట్టిన రోజున నేను బడి నుంచి వచ్చేసరికి అమ్మ ఇంట్లో లేదు. కాసేపటికి తడిసి ముద్దయి వచ్చింది.

“ఎక్కడికెళ్ళావమ్మా ఈ వానలో?”

“ఊరికినే. కాల్లు పట్టేసినాయని తిరిగొచ్చినాను.”

తల తుడిచాను. అన్నం పెడితే రెండు ముద్దలు తిని పళ్ళెం పక్కకు జరిపింది. ఆ తర్వాత నాలుగు రోజులు పెద్దగా మాట్లాడలేదు. అడిగినదానికి బదులు చెప్పేది. ఇత్తడి చెంబు బయట పెట్టలేదు. ఐదో రోజు పొద్దున లేపడానికి వెళితే లేవలేదు. గుండె ఆగిందని డాక్టరు చెప్పాడు. ఆ వీడియోలో నేనన్న మాట వినకుండానే పోయింది, అదొక్కటి నయం అనుకున్నాను. పదమూడు రోజులూ ఆ ఒక్క మాట పట్టుకుని ఉన్నాను.

హెడ్మాస్టరు గారి గదిలోంచి వచ్చిన రోజు సాయంత్రమే హుస్సేన్ బాషా దుకాణానికి వెళ్ళాను. ఆయన సగం కుట్టిన పరుపు మీద కూర్చుని ఉన్నాడు. నన్ను చూసి లేచి, దూది దులిపి, స్టూలు వేశాడు.

“రండి టీచరమ్మా. అమ్మగారి సంగతి విన్నాను. రావాలనుకున్నాను గానీ, మమ్మల్ని మీ గుమ్మంలో సూస్తే జనం ఏటంటారోనని ఆగిపోయినాను.”

“నర్గీస్‌ను బడికి పంపండి బాషా గారూ. శనివారం లోపల పేరు ఎక్కకపోతే ఈ ఏడు పోతుంది.”

“పంపి ఏటి సెయ్యమంటారు? మొన్న పాలకెల్తే ఎవుడో గుంటడు దీనికి నాలిక బయటెట్టి సూపించినాడు. నమాజు కాడ ఒకాయన అడుగుతాడు, ఏం బాషా భాయ్, నీ కూతురు కొత్త దవాఖానా ఎట్టినాదంట కదా, మాకూ సూత్తాదా అని. పక్కనున్నోల్లు నవ్వుతారు. ఏడు పోతే పోనీండి. ఈడనే దిండ్లు కుట్టుకుంటాది.”

“అది నలుసు తీయడమని మీకు తెలుసు కదా.”

“నాకు తెల్దేటి? మూడేళ్ళ కాడ్నించి నా కంట్లో దూది తీత్తన్నాది అదే. కానీ నాను సెప్తే, తండ్రి కూతుర్ని ఎనకేసుకొత్తన్నాడు అంటారు. సెప్పాల్సినోల్లు సెప్పాల. మీ అమ్మగారూ అదే అన్నారు.”

“మా అమ్మా?”

“వొచ్చినారు కదా, వాయుగుండం రోజు. మీరే పంపినారనుకున్నాను.”

ఆయన నా ముఖం చూసి, సూది పక్కన పెట్టాడు.

“‘నాను నేర్పినాను బాషా, ఆ టీవీవోల్ల ముందర నన్ను కూకోబెట్టు, సెప్పేత్తాను’ అన్నారు. నాను నవ్వినాను టీచరమ్మా. తప్పే. ‘అమ్మా, నీ కూతురే నాకు తెల్దు అని సెప్పినాక, నువ్వు నేర్పినావంటే ఎవుడు నమ్ముతాడు’ అన్నాను. ‘నా కూతురలగ అనదు’ అన్నారు. అప్పుడు ఫోన్ల ఎట్టినాను.”

“చూసిందా?”

“కల్లు ఆనవు కదా. సెవి కాడ ఎట్టుకున్నారు. మల్లీ ఎట్టమన్నారు. మల్లీ ఎట్టినాను.”

దూది ఏకే యంత్రం ఆగి ఉంది. వీధిలో ఎవరో ఆటో స్టార్టు చేయడానికి తంటాలు పడుతున్నారు.

“ఏమంది?”

“ఏటీ అన్లేదు. టీ తెప్పిత్తానంటే వొద్దన్నారు. గొడుగిత్తానంటే వొద్దన్నారు. గుమ్మం దిగినాక తిరిగి, మా రోజాది ఉద్యోగం కదా బాషా, అన్నారు. అంతే.”

నర్గీస్ లోపలి గదిలో దిండు గలీబులోకి దూది కూరుతోంది. వెళ్ళి ఎదురుగా కూర్చున్నాను. తల ఎత్తలేదు. జుట్టు మీద, కనుబొమ్మల మీద దూది.

“మామ్మ నేర్పిందని నువ్వెందుకు చెప్పలేదు నర్గీస్? అందరూ అడిగారు కదా.”

“మీరు తెల్దన్నారు కదా టీచర్.”

“అయితే?”

“మీరలగ అన్నాక నాను సెప్తే, మీది అబద్ధం అయిపోద్ది కదా.”

పదిహేనేళ్ళ పిల్ల. దూది కూరడం ఆపకుండానే చెప్పింది. నేను లేచి బయటికి వచ్చి, బాషా గారితో ఒక్క మాటే అన్నాను. “నేను చెబుతాను. అది చూశాక మీ ఇష్టం.”

మర్నాడు సాయంత్రం డాబాగార్డెన్స్‌లో సాయిశంకర్ ఆఫీసుకు వెళ్ళాను. సెల్‌ఫోన్ల దుకాణం మీద ఒక గది. గోడకు నీలం గుడ్డ, రెండు లైట్లు. నన్ను చూసి కుర్చీలోంచి లేచాడు.

“టీచర్! ఫోన్ చేస్తే నేనే వచ్చేవాడిని కదా.”

“ఆ వీడియో సంగతి నిజం చెప్పాలి. తీస్తావా?”

“ఎవరు చెప్తారు?”

“నేనే. ఆ అమ్మాయి నలుసు తీసింది. నేర్పింది మా అమ్మ.”

వాడు కళ్ళు దించుకున్నాడు.

“చిట్టెమ్మ గారు పోయారని తెలిసింది టీచర్. నా చిన్నప్పుడు మా నాన్న నన్ను ఆవిడ దగ్గరికే తీసుకొచ్చేవాడు. యార్డు పక్కనే కదా మా ఇల్లు. ఎన్నిసార్లు తీసుంటారో.”

“అయితే ఆ వీడియో చూసినప్పుడే అది నలుసు తీయడమని నీకు తెలుసు.”

“తెలుసు టీచర్.”

“మరి?”

“నలుసు తీసిన విద్యార్థిని అని పెడితే మీరు కూడా చూడరు టీచర్.”

వాడు గొంతు పెంచలేదు. నా క్లాసులో తెలిసిన జవాబు చెప్పినప్పుడు ఎలా చెప్పేవాడో అలాగే చెప్పాడు. వాడిని తిట్టే హక్కు నాకు లేదు. వాడికి తెలిసీ చెప్పలేదు. నాకూ అంతే.

“ఇదైనా జనం చూసేలాగే పెడతాను. టైటిల్ మీకు నచ్చకపోవచ్చు. ముందే చెప్తున్నాను.”

“ఏం పెడతావో నాకు తెలుసు. ఆ పిల్ల తప్పు లేదన్న మాట మాత్రం తీయకు.”

“తియ్యను,” అన్నాడు. “అమ్మగారి ఫోటో ఉందా టీచర్?”

పెద్దకర్మ రోజు దండ వేసిన ఫోటో నా ఫోన్‌లో ఉంది. తెల్ల చీర, చెవులకు పోగులు, నవ్వీ నవ్వని ముఖం. పంపకుండా ఉండవచ్చు. ముఖం లేకపోతే జనం నమ్మరు. నమ్మకపోతే మళ్ళీ ఆ ఆకుపచ్చ స్కార్ఫు దగ్గరికే వస్తారు. పంపాను.

లైట్ల ముందు కూర్చుని నాలుగు వాక్యాలు చెప్పాను. రాసుకునే వెళ్ళాను. నర్గీస్ చేసింది తోటి పిల్లవాడి కంట్లో బొగ్గు రవ్వ తీయడం. నేర్పింది మా అమ్మ చిట్టెమ్మ, మా ఇంట్లో, నా కళ్ళ ముందు. కళ్ళకలక వచ్చిన కన్నును మా అమ్మ ఎప్పుడూ ముట్టుకోలేదు. ఎక్కడ నేర్చుకున్నారో తెలియదని నేను చెప్పింది అబద్ధం.

శుక్రవారం పొద్దునే వీడియో వచ్చింది. ‘కళ్ళు నాకే విద్య గురువు టీచర్ తల్లే! పోయేలోపు ఎందరి చూపు పోగొట్టింది?’ మా అమ్మ నోటి చుట్టూ ఎర్రటి గీతతో సున్నా చుట్టారు. నా నాలుగు వాక్యాల్లో మూడు ఉన్నాయి. కళ్ళకలక మాట తీసేశారు. నర్గీస్‌ను ఈసారి ‘అమాయక బాలిక’ అన్నారు. వాడు మాట నిలబెట్టుకున్నాడు.

మధ్యాహ్నానికి ఇంకో ఛానెల్ మా అమ్మకు చేతబడి కూడా వచ్చునంది. ఇంకో ఛానెల్‌లో ఎవరో ఒకాయన ముఖానికి గుడ్డ కట్టుకుని, ఆ ముసలిదాని వల్లే నా ఎడమ కన్ను పోయిందని చెప్పాడు. ఆయన్ని నేను ఎప్పుడూ చూడలేదు.

బడిలో సన్యాసిరాజు గారు ఒక కవరు ఇచ్చారు. “మెమో. యాజమాన్యం ఇమ్మంది. సంజాయిషీ రాయండి,” అన్నారు. తర్వాత గొంతు తగ్గించి, “కమిటీ వాళ్ళు ఫోన్ చేశారు. పాపం ఆ పిల్లదేముంది, రానీండి అంటున్నారు,” అన్నారు.

ఇంటికి వచ్చేసరికి మా వీధి చివర ఉండే ముసలమ్మ పిన్ని అరుగు దగ్గర నిలబడి ఉంది. మా అమ్మతో యాభై ఏళ్ళ స్నేహం ఆమెది.

“ఒలే రోజా, సచ్చిపోయినదాని మీదెందుకెట్టినావే?”

“ఆమే నేర్పింది కదా పిన్నీ.”

“నేర్పితే? అది బతికున్నప్పుడు సెప్పుంటే దాని నోటితో అదే కడుక్కునేది. ఇప్పుడెవుల్లు కడుగుతారు?”

ఆమె కొంగుతో ముక్కు తుడుచుకుని వెళ్ళిపోయింది. లోపల గూట్లో ఉండవలసిన ఇత్తడి చెంబు కోసం చూశాను. మొన్న తోమి అరుగు మీదే వదిలేశానని గుర్తొచ్చింది. అరుగు మీద లేదు. కాలవలో ఉంది. ఎవరో తన్నినట్టు ఒక పక్క సొట్ట పడింది. తీసి, కడిగి, లోపల పెట్టాను.

శనివారం మధ్యాహ్నం బాషా గారు నర్గీస్‌ను తీసుకుని వచ్చాడు. ఆయన గేటు దగ్గరే ఆగిపోయాడు. ఆ పిల్ల ఆకుపచ్చ స్కార్ఫు కట్టుకోలేదు. తెల్లది కట్టుకుంది. వరండాలో పిల్లలు దారి ఇచ్చారు, కాస్త ఎక్కువే ఇచ్చారు. సింహాద్రి స్తంభం పక్కన నిలబడి, ఏదో అనబోయి, చెప్పులకేసి చూసుకున్నాడు.

హెడ్మాస్టరు గారి గదిలో కాగితం బల్ల మీద పెట్టాను. పేరు, తండ్రి పేరు, పుట్టిన తేదీ, పుట్టుమచ్చలు.

“సరిచూసుకుని సంతకం పెట్టు.”

పెన్ను తీసుకుంది గానీ పెట్టలేదు.

“మామ్మని ఏటేటో అంటన్నారు టీచర్.”

“తెలుసు.”

“మా అబ్బా కంట్లో దూది మామ్మ కూడా తీసినాది, నాకు రాకముందు. ఒక్కసారి కూడా ఎర్రబడలేదు. అది ఎవరూ సెప్పడం నేదు.”

“కళ్ళకలక మాట నేను చెప్పాను. వాళ్ళు తీసేశారు.”

“మల్లీ సెప్తారా?”

చెప్పినా మళ్ళీ తీసేస్తారు. “సంతకం పెట్టు నర్గీస్,” అన్నాను.

పేరు చదువుకుంది. తండ్రి పేరు చదువుకుంది. వేలు పెట్టి తేదీ చూసుకుంది. సంతకం పెట్టి, పెన్ను మూత పెట్టి బల్ల మీద ఉంచింది. లేచింది. మా బళ్ళో పిల్లలు గది దాటే ముందు థాంక్యూ టీచర్ అని తీరాలి, చిన్నప్పటి నుంచీ అదే అలవాటు. నర్గీస్ ఏమీ అనలేదు. గుమ్మం దాటి, వరండా దాటి, తండ్రి నిలబడ్డ గేటు దాకా వెనక్కి తిరిగి చూడకుండా నడిచి వెళ్ళిపోయింది.

నా మీద కోపంతో అలా వెళ్ళిందో, మా అమ్మ నేర్పిన పద్ధతి ప్రకారం వెళ్ళిందో నాకు తెలియదు. ఈ మాట మాత్రం నిజంగా తెలియకే అంటున్నాను. కాగితం కవరులో పెట్టి, అంటించి, హెడ్మాస్టరు గారికి ఇచ్చాను.